గాల్లో ఆగిన బంతి

జనవరి, శనివారం ఉదయం. షామ్‌బర్గ్‌లో మా ఇల్లు. ఉన్నవారు: నేను, నా భార్య సుగుణ, పక్కింటి ఇరాన్ మిత్రుడు బెహ్రూజ్ గారు.

ఆయన సొంతూరి బాస్కెట్‌బాల్ క్లబ్ ఆటను లాప్‌టాప్‌లో చూస్తున్నాం. ఓడితే క్లబ్ మూతపడుతుంది. ఊళ్లో పెళ్లిళ్లు జరిగేది ఆ క్లబ్ హాల్లోనే. భూకంపం వచ్చినప్పుడు జనం తలదాచుకున్నదీ అక్కడే. బయట మెత్తగా మంచు రాలుతోంది. తెరమీద ఆటగాళ్లు నీళ్లలో నీడల్లా కదులుతున్నారు.

నేను కాఫీ కోసం లేవగానే అవతలివాళ్లు బంతిని బుట్టలో వేసేశారు.

"కూర్చోండి! క్రికెట్‌కి లేవరుగా, దీనికెందుకు లేచారు?" అని సుగుణ కసిరింది. కుర్చీ వదిలితే అదృష్టం పోతుందన్న మన నమ్మకం ఆయనకు చెప్పాను. బెహ్రూజ్ నవ్వలేదు.

"ప్లీజ్ బ్రదర్, డోంట్ మూవ్!"

కాళ్లు తిమ్మిరెక్కినా కదల్లేదు. ఒక్క పాయింటు వెనకబడి ఉండగా మావాళ్లు ఆఖరి బంతి విసిరారు. అది గాల్లో ఉండగానే ఇంటర్నెట్ ఆగిపోయింది. బంతి చందమామలా తెరమీద నిలిచిపోయింది. బెహ్రూజ్ తన ఊరికి ఫోన్ చేస్తే కలవలేదు. ఎన్నడూ చూడని ఊరి కోసం నా గుండె అంతగా కొట్టుకోవడం నాకే వింతగా అనిపించింది.

మర్నాడు ఉదయం తలుపు తీస్తే ఎదురుగా బెహ్రూజ్, చేతిలో మిఠాయి పెట్టె. నేను చెయ్యి చాపాను. ఆయన నన్ను దాటి లోపలికి వెళ్లి, మొదటి మిఠాయిని నా కుర్చీలో పెట్టారు.