నేను దాచిన మాట

మా అక్క మంగళగిరి చీరలు లైవ్‌లో అమ్ముతుంది. నేను మోడరేటర్‌ని. ఛానల్ సెట్టింగులు చూడడం, పిచ్చి కామెంట్లను తీసేయడం నా పని. పోయిన వేసవిలో ఎవరో పనిగట్టుకుని రోజూ "ఆపండి మీ సోది" అని వరసగా పెట్టసాగారు. అక్క మాట తడబడేది. ఒళ్ళు మండి, "ఆపండి" అనే మాటనే నిషేధించిన మాటల్లో చేర్చాను. ఆ మాటున్న కామెంటు ఇక రాసినవాళ్ళకి తప్ప ఎవరికీ కనిపించదు. తెలివైన పని చేశాననుకున్నాను.

మూడో రోజు పొద్దున మా షాపులో లైవ్ నడుస్తోంది. ఇద్దరి ఫోన్లూ సైలెంట్‌లో ఉన్నాయి. ఇంట్లో నాన్న మగ్గం దగ్గరే కుప్పకూలాడు. అమ్మ ఫోన్ చేస్తే మేం ఎత్తలేదు. రోజూ ప్రతి చీరకూ "బాగుంది" అని పెట్టే అమ్మ, ఆ రోజూ అక్కడే రాసింది: "లైవ్ ఆపండి. మీ నాన్న పడిపోయారు." నాలుగుసార్లు రాసింది. మేం చూసే ఉంటామని, వచ్చేస్తున్నామని ఎదురుచూసింది.

చివరికి పక్కింటాయన షాపుకు పరుగెత్తుకొచ్చాడు. విజయవాడ ఆసుపత్రిలో డాక్టరు గారు "ఇంకాస్త ముందు తెచ్చుంటే..." అని ఆగిపోయారు.

పెద్దకర్మ అయ్యాక అమ్మ తన ఫోన్ నా ముందు పెట్టింది.

"ఇదిగో, నాకు కనపడతానే ఉంది గదే. మీకు కనపడకుండా ఎవరు దాచారు?"

"నేనేనమ్మా" అన్నాను.

ఇప్పుడు ఆ జాబితాలో ఒక్క మాటా లేదు. తిట్లతో సహా అన్నీ చదువుతాను. అమ్మ మాత్రం మళ్ళీ ఏ చీరకూ "బాగుంది" అని పెట్టలేదు.