కమిషనర్ గారి చెప్పు దిగబడిన బోదె

మా ఎకరం చేనికి కాలవ నీళ్లు రావాలంటే మరిది చేను పక్కనున్న బోదె ఒక్కటే దారి. నేను కాపురానికి వచ్చిన ఏడాదే మామగారు దాన్ని తవ్వించారు. అసలక్కడ బోదే లేదన్నాడు మరిది. నేను కోర్టుకెళ్లాను. కేసు పోయింది. తీర్పు వచ్చిన వారానికే అతను బోదె సగం పూడ్చేశాడు.

నాకు చదవడం రాదు. తీర్పు కాగితాలు కోడలు చదివి, ఒక్కో ముక్కకి అర్థం చెబుతుంటే గోంగూర గిల్లుతూ విన్నాను. ఒక చోట నా చెయ్యి ఆగిపోయింది.

"ఏదీ, ఆ ముక్క మళ్లీ చదువు."

"కమిషనర్ ఇచ్చిన ప్లానులో బోదె ఎక్కడా లేదని రాశారత్తయ్యా."

"లేకపోవడమేంటే! ఆయన చెప్పు దిగబడింది అందులోనే కదా!"

కోర్టు పంపిన కమిషనర్ గారు కొలతలకు వచ్చిన రోజు టేపు కొస పట్టుకున్నది నేనే. గన్నవరంలో దిగే విమానం నెత్తి మీదుగా పోతుంటే ఆయన తలెత్తి చూస్తూ అడుగేశారు. చెప్పు బురదలో ఉండిపోయింది. నేనే వంగి లాగిచ్చాను. ఆయన నవ్వి, గట్టు మీద కూర్చుని, ప్లానులో అక్కడ నీలం పెన్సిలుతో గీత గీశారు. దాని కింద మరిది కూడా సంతకం పెట్టాడు.

మర్నాడే వన్ టౌన్ వెళ్లాను. మా ప్లీడరు గారి గది మిరపకాయల గోడౌను పైన. నేను తుమ్ముతూ చెప్పాను, ఆయన తుమ్ముతూ విన్నారు. కేసు కాగితాల కట్ట విప్పితే, ప్లానులో నీలి గీత ఉంది.

"ఆ జడ్జి గారి దగ్గరే, తీర్పు మళ్లీ చూడమని రివ్యూ వేద్దామమ్మా. ముప్పై రోజుల్లోపు వెయ్యాలి."

"అయితే మా మరిది ఆడిన అబద్ధాలన్నీ రాయండి."

"అవి రాస్తే పని చెడుతుంది. తీర్పు నచ్చలేదంటే అదే కోర్టు మళ్లీ వినదు. కాగితం చూడగానే తెలిసిపోయే పొరపాటు ఉండాలి. లేదా ఎంత వెతికినా అప్పట్లో దొరకని సాక్ష్యం ఇప్పుడు దొరకాలి. అలాంటి గట్టి కారణం ఏదైనా కావాలి. ఎవరి మాట నమ్మాలన్నది పై కోర్టుకెళ్లి అప్పీల్లో తేల్చుకోవాలి. ఇక్కడ మీకున్నది ఆ గీత ఒక్కటే."

నాకు మింగుడు పడలేదు. అయినా ఆ గీతనే పట్టుకున్నాను.

వాయిదా రోజు వరండాలో మరిది ఎదురయ్యాడు.

"ఏం వదినా, ఓడిన ఆటే మళ్లీ ఆడదామనా?"

"ఆటకి కాదు నాయనా, చెప్పు కోసం వచ్చాను."

లోపల అతని ప్లీడరు, రివ్యూ పేరుతో ఇది అప్పీలేనండీ అన్నాడు. జడ్జి గారు ప్లాను తెప్పించుకుని చాలాసేపు చూశారు.

"మీరేమైనా చెప్పాలా అమ్మా?"

మరిది అబద్ధాలన్నీ వరసగా నా నాలుక చివరికి వచ్చేశాయి. ప్లీడరు గారు నా వైపే చూస్తున్నారు.

"ఆ గీత చూడండి, చాలండి," అన్నాను.

"ఇది మేం చూడాల్సింది, చూడలేదు," అన్నారు జడ్జి గారు. పాత తీర్పు పక్కన పెట్టి, కేసు మళ్లీ వింటామని, అంతవరకు నీళ్లకు ఎవరూ అడ్డు రాకూడదని చెప్పారు.

గెలవలేదు నేను. ఇంకా వాయిదాలున్నాయి, వెళ్తాను. ఆ సాయంత్రం మాత్రం బోదెలో పూడ్చిన మట్టి తియ్యడానికి పార తీసుకుని చేనికి వెళ్లాను. మరిది గట్టు మీద నిలబడి చూస్తున్నాడు.

"చెప్పులిప్పి దిగు వదినా," అన్నాడు చివరికి.