పెదనాన్న రక్తంలో గింజలు

ఆ రోజుల్లో నాకు పొడుగాటి మాటలంటే పిచ్చి. ఆ వయసులో కొందరికి చీరల మీద మోజుంటుంది, కొందరికి సినిమా హీరోల మీద ఉంటుంది. నాకు మాత్రం పాథాలజీ పుస్తకంలోని నాలుక మెలితిరిగే పదాల మీద ఉండేది. జగదల్‌పూర్‌లో ల్యాబ్ టెక్నీషియన్ కోర్సు ముగించుకుని మా ఊరు కొంటాకి తిరిగొచ్చేటప్పుడు ట్రంకుపెట్టెలో బట్టలకన్నా ఆ పదాలే ఎక్కువ మోసుకొచ్చాను. వాటిలో నాకు మరీ ముద్దొచ్చింది ‘ఎరిత్రోబ్లాస్టోసిస్’. పప్పు కలుపుతూ ఒకసారి, తల దువ్వుకుంటూ ఒకసారి అనుకునేదాన్ని. (మా పెద్దమ్మ అది ఏదో అమ్మవారి స్తోత్రమనుకుని, స్నానం చేయకుండా చదవొద్దని కేకలేసింది కూడా.) ఆ పదాన్ని ఒక్కసారైనా నా చేత్తో ఒక నిజం మనిషి రిపోర్టు మీద రాయాలని నా కోరిక. ఆ కోరిక తీరాలంటే ఎవరో ఒకరికి ఒంట్లో బాగా చెడాలన్న సంగతి నా బుర్రకి తట్టనే లేదు. చదవేస్తే ఉన్న మతి పోవడమంటే అదే కాబోలు.

మాది చింతపండు వ్యాపారం. ఇంట్లో తెలుగు, కొట్లో హిందీ, వారం అంగట్లో అడవి ఊళ్ళవాళ్ళ దోర్లీ, కోపం వస్తే మూడూ కలిపి. ఇంటికి పెద్ద మా పెదనాన్న. ఆయన గొంతు ఎత్తితే గోదాములో హమాలీలే కాదు, ఎలుకలు కూడా ఆగి వినేవి. బస్టాండు పక్కన భద్రాచలం డాక్టరుగారు పెట్టిన చిన్న ల్యాబులో నేను ఉద్యోగంలో చేరడం ఆయనకి బొత్తిగా నచ్చలేదు. “మనింటి ఆడపిల్ల ఊరోళ్ళ నెత్తురూ ఉచ్చా ముట్టుకునుడేంది? ఈ నెల కాంగనే బంద్. కొట్ల గల్లా దగ్గర కూసుంటది” అని తీర్పు చెప్పేశాడు. నేను ఏడ్చాను. అన్నం మానేశాను. (మధ్యాహ్నం మాత్రమే, రాత్రి చేపల పులుసు వండారు.) చివరికి మా నాయనమ్మ అడ్డుపడి, “నీకు కంట్ల శుక్లం ఆపరేషన్‌కి రక్తం జాంచ్ చెయ్యాలన్నరు కదరా. అది పిల్లతోనే చేపియ్యి. సరిగ్గ జేస్తే ఉద్యోగం జెయ్యనియ్యి, తప్పు జేస్తే మాన్పియ్యి” అంది. ఇంట్లో పెదనాన్నకి ఎదురుచెప్పగల మనిషి ఆమె ఒక్కతే. నా బతుకంతా ఒక చెంచాడు రక్తం మీద నిలబడింది.

ఇంతకీ మా పెదనాన్నకి సూదంటే భయం. ఈ సంగతి అప్పటికి పెద్దమ్మకి తప్ప ఎవరికీ తెలియదు. లారీకి ఎదురు నిలబడి ఆపే మనిషి, ఎలుగుబంటిని చూసి “ఏంరా” అన్నాడని చెప్పుకునే మనిషి, నేను సూది తీసేసరికి అరుగు దిగి నిలబడ్డాడు. “ఇంటి ఆడపిల్ల పెద్దోళ్ళకు సూది గుచ్చితే అరిష్టం” అన్నాడు. “ఇది ఎప్పటి శాస్త్రంరా?” అని నాయనమ్మ అడిగితే, “ఎప్పటిదైతేనేంది, శాస్త్రం శాస్త్రమే” అని కొట్టిపారేశాడు. ఎర్రబోరు అంగడికి పోతున్నానని, దారిలో ఎరిగిన కంపౌండరు ఉన్నాడని, అతనితో తీయించి పంపుతానని చెప్పి, నా దగ్గర్నుంచి ఊదారంగు మూత గొట్టం తీసుకుని, చంకలో ఆయన పందెం కోడి డేగని పెట్టుకుని వెళ్ళిపోయాడు. ఎర్రబోరు అంగడి రోజు ఆయన చింతపండు కోసం పోతున్నాడో కోడిపందెం కోసం పోతున్నాడో అడిగే ధైర్యం మాకెవరికీ లేదు. సాయంత్రానికి డేగ కాలికి గుడ్డకట్టుతో, గెలిచిన పొగరుతో తిరిగొచ్చింది. గొట్టం నిండా ఎర్రగా రక్తం కూడా వచ్చింది.

మర్నాడు పొద్దున్నే దేవుడికి దండం పెట్టుకుని స్లైడు మీద ఆ రక్తం పల్చగా పూసి, రంగు వేసి, ఆరబెట్టి, మైక్రోస్కోపులో కన్ను పెట్టాను. పెట్టి, తీసి, కన్ను తుడుచుకుని మళ్ళీ పెట్టాను. ప్రతి ఎర్రకణం మధ్యలో ఊదారంగు గింజ! ఒకటీ రెండూ కాదు, ఎటు జరిపితే అటు గింజలే. ఆరోగ్యంగా ఉన్న పెద్దమనిషి రక్తంలో అలాంటి కణం ఒక్కటి కనబడకూడదు. కనబడితే దాన్నేమంటారో నాకు తెలుసు. నేను పప్పులో కలుపుకుని తిన్న పదమే అది! ఆ క్షణంలో నాకు పట్టిన సంతోషం చెప్పుకుంటే సిగ్గుచేటు. కుర్చీలోంచి లేచి, ల్యాబు తలుపు గడియపెట్టి, చిన్న గెంతు కూడా గెంతాను. గెంతి కిందికి దిగాక గుర్తొచ్చింది, గొట్టం మీద ఉన్న పేరు మా పెదనాన్నది. అప్పుడు గోడకి ఆనుకుని ఏడ్చాను. కణాలన్నీ కోలగా ఉన్నాయే అని ఒక అనుమానం వచ్చింది కానీ, జబ్బు ముదిరితే అలా సాగుతాయేమోనని నాకు నేనే సర్దిచెప్పుకున్నాను. పుస్తకంలో అలా లేదు. అయినా పుస్తకం రాసినవాళ్ళు మా పెదనాన్నని చూశారా ఏంటి!

డాక్టరుగారు చూసి సంతకం పెట్టేదాకా ఎవరికీ నోరు విప్పకూడదు. అది మా పనిలో మొదటి పాఠం. ఆయన వచ్చేది ఎల్లుండి. నేను ఆ సాయంత్రం దాకా ఓర్చుకున్నాను. వాకిట్లో అందరూ కూర్చున్నప్పుడు పెద్దమ్మ, “ఏందే, మొకం అట్లున్నది?” అని అడగ్గానే భోరుమని పదం చెప్పేశాను. ఎవరికీ అర్థం కాలేదు. “దాని మతలబేందే?” అంది నాయనమ్మ. కోర్సులో చెప్పినట్టు చెబితే లాభం లేదని మా ఇంటి భాషలోకి దిగాను. చింతపండు చెట్టు మీదినుంచి వచ్చినప్పుడు గింజతో ఉంటుంది కదా, ఆడవాళ్ళు కూర్చుని గింజ కొట్టి తీసేశాకే కదా మంచి సరుకని ఫూల్ పేరుతో లారీకి ఎక్కుతుంది? ఎర్రకణం కూడా అంతే. ఎముకల మూలుగలో పుట్టినప్పుడు మధ్యలో గింజ ఉంటుంది. ఆ గింజ పారేసి, తేలికై, అప్పుడు రక్తంలోకి బయల్దేరుతుంది. లోపల ఏదో కొంప మునిగినప్పుడు మాత్రం గింజ తీసే తీరిక లేక, పచ్చి సరుకే బయటికి తోసేస్తుంది ఒళ్ళు. అదే ఎరిత్రోబ్లాస్టోసిస్ అన్నాను. పెదనాన్న జీవితంలో మొదటిసారి నా చదువుని శ్రద్ధగా విన్నాడు. “అంటే గింజ దియ్యకుంటనే మాల్ పంపిస్తున్నరన్నమాట” అన్నాడు. అవునన్నాను. “ఎంత మాల్?” అన్నాడు. “మొత్తం” అన్నాను. ఆయన ముఖంలో నెత్తురు చుక్క లేదు.

తెల్లారేసరికి కొంటా బజారంతా తెలిసిపోయింది. భద్రాచలం నుంచి చుట్టాలు అరటిపండ్లతో దిగారు. (మనిషి పోతున్నాడంటే అరటిపండ్లెందుకో నాకు ఇప్పటికీ తెలియదు.) పదం మాత్రం నాకన్నా బజారుకే బాగా వంటబట్టింది. ఆటో స్టార్టు కాకపోతే “దీనికీ బ్లాస్టోసిస్ అయింది” అన్నారు. కిరాణాకొట్టు ఆయన పుచ్చిన కందిపప్పుని చూపించి అదే మాట అన్నాడు. పెదనాన్న మాత్రం వచ్చినవాళ్ళనెవర్నీ పట్టించుకోలేదు. నన్ను గోదాములోకి పిలిచి, బస్తాల చాటున నిలబెట్టి, గొంతు తగ్గించాడు. ఆయనకి గొంతు తగ్గించడం కూడా వచ్చని నాకప్పుడే తెలిసింది.

“బిడ్డా, ఇది పక్కనున్నోళ్ళకు అంటుతదా?”

“అంటదు పెద్దనాన్నా.”

“తిండేం బెట్టాలె? బాదంపప్పు పెట్టొచ్చునా? సజ్జలు?”

“మీకేది ఇష్టమైతే అది తినండి.”

“నా ముచ్చట గాదే... అదే, నా ముచ్చటనే. వచ్చే అంగడికి బరిలకు దిగొచ్చునా?”

“మీరు బరిలోకి దిగడమేంటి? పక్కన కూర్చుని చూడండి, చాలు.”

ఆయన కండువాతో కళ్ళు ఒత్తుకున్నాడు. “ఎంత పౌరుషం గల్లోడు! మొన్నటికి మొన్న ఒక్క తన్నుకు పడగొట్టిండు. అసొంటోనికి గింజల బీమారీనా!” అన్నాడు. చావు దగ్గరపడిన మనిషి తన గురించి తను ఎవరో పరాయివాడిలా మాట్లాడతాడేమో అనుకుని నాకు దుఃఖం ఆగలేదు. ఇద్దరం ఒకర్నొకరు పట్టుకుని ఏడ్చాం. తర్వాత చూస్తే ఆయన తన శాలువా తెచ్చి డేగ గంప మీద కప్పి, చేత్తో బాదంపప్పు తినిపిస్తున్నాడు. “పోయేముందు మనిషికి మూగజీవాల మీద పానం కొట్టుకుంటదంట” అని పెద్దమ్మ కొంగు నోట్లో కుక్కుకుంది.

అనుకున్న రోజుకి డాక్టరుగారు వచ్చారు. నేను స్లైడు పెట్టాను. ఆయన చూశారు. అటు జరిపారు, ఇటు జరిపారు. కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. తర్వాత చాలా మర్యాదగా, “అమ్మా, ఈ పేషెంటుకి నెత్తి మీద ఎర్రటి తురాయి ఏమైనా ఉందా?” అని అడిగారు. నాకర్థం కాలేదు. “తెల్లారకముందే లేచి ఊరందర్నీ లేపుతాడా?” అన్నారు. “లేపుతారండి, ఆయన గొంతు పెద్దది” అన్నాను నేను, బుద్ధిగా. ఆయనిక ఆపుకోలేక బల్ల మీద తల పెట్టి నవ్వారు. కాసేపటికి తేరుకుని చెప్పారు. పక్షుల ఎర్రకణాలకి పుట్టినప్పటినుంచి పోయేదాకా గింజ ఉంటుంది, అది వాటికి జబ్బు కాదు, వాటి సొంత రూపం. కణం కోలగా ఉండటం కూడా పక్షి గుర్తే. మనిషి రక్తంలో అయితే ఆ పదం వాడాలి, కోడి రక్తంలో అయితే మసాలా వాడాలి అన్నారు. ఆరోజు నేను ల్యాబునుంచి ఇంటికి నడిచానో పరిగెత్తానో గుర్తులేదు.

పెదనాన్న గోదాము ముందు మంచం మీద ఉన్నాడు. చుట్టూ చుట్టాలు, అరటిపండ్లు. నేను నడుం మీద చెయ్యి పెట్టుకుని (ఆయన ముందు అలా నిలబడడం అదే మొదలు), “పెద్దనాన్నా, ఆ రక్తం మీదేనా?” అన్నాను. “నాది గాకుంటే నీ తాతదా?” అన్నాడు. “డాక్టరుగారు అది కోడిదంటున్నారు. కోడికైతే గింజలు ఉండాల్సిందేనంట. లేకపోతేనే జబ్బంట” అన్నాను. అంతే, మంచం మీంచి ఎగిరి లేచాడు. “ఏందీ? నా డేగకు బీమారీ లేదా?” అని అరిచిన అరుపు శబరి ఏటికి అవతల ఆంధ్రాలో కూడా వినబడి ఉంటుంది. గంప ఎత్తి, కోడిని తీసి, ముద్దు పెట్టుకుని, మూడు భాషల్లో దాన్ని పొగిడాడు. ఆ తర్వాత గాని చుట్టూ ఉన్న చుట్టాలు ఆయనకి కనబడలేదు. పెద్దమ్మ నెమ్మదిగా లేచి నిలబడింది. “రెండు దినాల నుంచి నేను ఏడ్చింది కోడి కోసమా?” అంది. పెదనాన్న డేగ కాలికట్టు వైపు చూస్తూ, “దెబ్బ తగిలి ఎట్లయినా కారుతున్నది, వృథా పోనిచ్చుడెందుకని...” అని నసిగాడు. పెద్దమ్మ చేతిలో ఉన్న అరటిపండ్ల గెల ఆయన వీపు మీద ఎలా మోగిందో రాస్తే బాగుండదు. నాయనమ్మ మాత్రం నవ్వలేక ఉక్కిరిబిక్కిరై అరుగు మీద పడుకుండిపోయింది.

గొడవ సద్దుమణిగాక పెదనాన్న తనంతట తనే చొక్కా చేయి పైకి మడిచి, “తియ్యి” అన్నాడు. కళ్ళు గట్టిగా మూసుకున్నాడు. రెండో చంకలో డేగ ఉండాలన్నాడు, ఒప్పుకున్నాను. ఊరంతా చూస్తుండగా రక్తం తీశాను. మనిషి కదల్లేదు గాని, డేగ మాత్రం ఆయన పట్టుకి ఊపిరాడక కొక్కొక్కో అంది. ఆ రక్తంలో ఒక్క గింజా లేదు, శుభ్రమైన ఫూల్ సరుకు. నేను రిపోర్టు చేతికిచ్చి, తలొంచుకుని, “కోడిదని పట్టుకున్నది నేను కాదు పెద్దనాన్నా, డాక్టరుగారు. నేను తప్పు చెప్పాను” అన్నాను. గల్లా పక్కన నా కోసం వేసిన కుర్చీ అక్కడినుంచే కనబడుతోంది. ఆయన రిపోర్టు అటూ ఇటూ తిప్పి చూశాడు. “నువ్వు గింజ ఉన్నదన్నవ్. ఉన్నదా, లేదా?” అన్నాడు. “ఉంది.” “మరింకేంది? నువ్వు మాల్ మంచిగనే జూసినవ్. సంచి మీద పేరు తప్పు రాసింది నేను. రేపటి నుంచి డ్యూటీకి పో.” అలా నా ఉద్యోగం నిలబడింది. (ఆపరేషన్ రోజు మత్తు సూదికి ఆయన చేసిన రాద్ధాంతం భద్రాచలంవాళ్ళు చెప్పుకోవాలి.)

ఇప్పుడు నేను జగదల్‌పూర్‌లో పెద్ద ల్యాబులో ఉన్నాను. ఒకప్పుడు జీవితంలో ఒక్కసారి రాస్తే చాలనుకున్న ఆ పదం ఇప్పుడు తరచుగా రాస్తుంటాను. మా వైపు పిల్లల్లో సికిల్ సెల్ అనే పుట్టుకతో వచ్చే రక్తజబ్బు ఎక్కువ. ఒళ్ళు అలిసిపోయి, ఉన్న కణాలు చాలక, పచ్చివి బయటికి తోస్తుంటుంది. అలాంటి స్లైడు కింద గింజలు కనబడ్డప్పుడు తలుపు గడియపెట్టి గెంతిన ఆ పిల్ల గుర్తొస్తుంది. దాన్ని చూస్తే నవ్వొస్తుంది, కాస్త అసూయ కూడా వేస్తుంది, ఎంత తేలిగ్గా గెంతిందో అని. నేనిప్పుడు ఆ పదాన్ని గబగబా టైపు చేసి ఊరుకుంటాను, నోటితో అననే అనను. కానీ టైపు చేసేముందు ఒక్క నిమిషం మాత్రం ఆశపడతాను. ఈ పిల్లాడూ సూదికి భయపడి ఉండాలని, నన్ను మోసం చేసి ఉండాలని, ఎవరో ఒకరు వచ్చి ఈ స్లైడు చూసి పగలబడి నవ్వాలని. ఎవరూ రారు. అప్పుడు లేచి, బయట బెంచీ మీద కూర్చున్న వాళ్ళమ్మ దగ్గరికి వెళ్తాను.