రాజుకు ఒక్క దూకు

పదేళ్ళుగా ఒక్క మాటను మోస్తున్నాను. పెద్ద మాట కూడా కాదు. "ఉన్నది" అన్నాను, అంతే. అది మింగుడుపడదు, కక్కుదామంటే నోరు రాదు. మా ఆవిడకు చెప్పలేదు, కన్నతల్లికి చెప్పలేదు. మీరెవరో నాకు తెలియదు కాబట్టి మీకు చెబుతున్నాను. మధ్యలో ఆగి ఆగి చెబితే విసుక్కోకండి.

సంగతేమిటంటే, జిల్లా చదరంగం ఆటగాళ్ళ మీద ఒక చిన్న పుస్తకం వేస్తున్నారు. వచ్చే నెల కరీంనగర్‌లో సభ, శాలువాలు, ఉపన్యాసాలు. ఎవరి విజయాలు వాళ్ళే ఒక పేజీలో రాసి పంపాలట. నేనూ రాయడానికి కూర్చున్నాను. జిల్లాలో మూడుసార్లు మొదటి స్థానం, హైదరాబాదు పోటీల్లో రెండుసార్లు ఆడటం, పిల్లలకు ఆట నేర్పటం, అన్నీ గబగబా రాశాను. నేను తహసీలు ఆఫీసులో గుమాస్తానే, కానీ ఊళ్ళో అందరూ చదరంగం సారు అనే పిలుస్తారు. పేజీ మొదట్లో "మొదటి గెలుపు" అని రాసి, దాని పక్కన ఖాళీ వదిలాను. నాలుగు రోజులైంది. ఆ ఖాళీ అట్లాగే ఉంది.

మొదటి గెలుపు నర్సయ్య మీద.

నర్సయ్యది సిరిసిల్లలో మా పక్కిల్లు. ఇద్దరివీ నేత కుటుంబాలే. నాకు చదువబ్బింది, అతనికి మగ్గం దక్కింది. చుట్టరికం లేకపోయినా బావా అంటే బావా అనుకునేవాళ్ళం. మా ఆట ఎట్లా ఉండేదంటే, అతను గుంట మగ్గంలో కాళ్ళు పెట్టుకుని నేస్తూనే ఉండేవాడు. నేను కింద గళ్ళ బట్ట పరుచుకుని కూర్చునేవాణ్ణి. ఆ బట్ట ఎరుపు, తెలుపు నూలుతో తనే నేశాడు. నా ఎత్తు నోటితో చెబితే, తలెత్తకుండానే తన ఎత్తు చెప్పేవాడు. అతని కాయలు కూడా నేనే జరిపేవాణ్ణి. మగ్గం చప్పుడు ఆగిందంటే నేనొక మంచి ఎత్తు వేశానని అర్థం. అట్లా ఆగింది ఎన్నిసార్లో వేళ్ళ మీద చెప్పగలను. ఒక్క ఆట కూడా గెలవలేదు. పైకి నవ్వుతూనే ఓడేవాణ్ణి.

మాది దేశీ ఆట. అందులో రాజుకు ఒక వరం ఉంది. ఎదుటి కాయ బెదిరింపు, అదే షా, ఇంకా ఒక్కటి కూడా పడని రాజు ఆట మొత్తంలో ఒకే ఒక్కసారి గుర్రంలా దూకవచ్చు. నర్సయ్య నమ్ముకున్నది ఆ దూకునే. రాజును నడిమధ్యన నిలబెట్టి, ఎదుటివాడు చుట్టుముట్టే దాకా ఆగి, చటుక్కున దూకించేవాడు.

ఆంధ్రప్రదేశ్ ఏర్పడ్డ కొత్తలో కరీంనగర్‌లో పోటీ పెట్టారు. గెలిచిన ఒక్కరినే హైదరాబాదు పంపుతారు. ఆడేది మా పద్ధతిలో కాదు, బయటి దేశాల పద్ధతిలో. నియమాల కాగితం ఇంగ్లీషులో వచ్చింది. నర్సయ్యకు ఇంగ్లీషు రాదు, నేనే చదివి చెప్పాను. బంటు మొదటిసారి రెండు గళ్ళు నడవవచ్చని చెప్పాను. రాజును ఏనుగు చాటున దాచి కోట కట్టుకోవచ్చని చెప్పాను. ముట్టిన కాయను జరపాల్సిందేనని కూడా చెప్పాను. అంతదాకా అన్నీ సరిగ్గానే చెప్పాను, నమ్మండి.

అప్పుడు మగ్గం ఆగింది.

"బావా, మరి రాజుకు గుర్రం దూకు ఉన్నదా గా కాగితంల?"

కాగితం వైపు చూశాను. కోట కట్టేటప్పుడు తప్ప రాజు ఒక్క గడే జరగాలని నా కళ్ళ ముందే ఉంది.

"ఉన్నది," అన్నాను.

"కోట సుత ఇచ్చి, దూకు సుత ఇచ్చిండ్రా? మంచిగున్నది," అని నర్సయ్య మళ్ళీ నేతలో పడ్డాడు.

ఎందుకన్నాను? నోరు జారిందా? కాదు. నోరు జారితే మరుక్షణం సర్దుకోవచ్చు. పోటీకి ఇంకా వారం ఉంది. ఆ వారమంతా రోజూ ఆడాం. అతను దూకించినప్పుడల్లా ఆ రాజును నా చేత్తోనే ఎత్తి దూకిన గడిలో పెట్టాను. ప్రతిసారీ, ఇప్పుడు చెబుదాం, ఇప్పుడు చెబుదాం అనుకుంటూనే పెట్టాను. నాలుగు అక్షరాలు నేర్చినవాణ్ణి, కుర్చీలో కూర్చునేవాణ్ణి, మగ్గం మీది మనిషి చేతిలో నలుగురి ముందు ఓడితే ఆఫీసులో తల ఎత్తుకునేదెట్లా అని నా ఏడుపు. అసూయ. దానికి ఇంకో పేరు వెతికాను గానీ దొరకలేదు.

కరీంనగర్‌లో ముందు ఆటల్లో నర్సయ్యకు దూకు అవసరమే పడలేదు, అంత తేలిగ్గా గెలిచాడు. చివరి ఆట మా ఇద్దరికీ పడింది. కోట కట్టుకునే వీలు ఎన్నోసార్లు వచ్చినా అతను కట్టలేదు. రాజును నడుమనే ఉంచాడు. నేను చుట్టుముట్టాను. నా చొక్కా చెమటతో తడిసి వీపుకు అంటుకుంది. దూకితే అతనిదే ఆట, అది నాకూ తెలుస్తోంది. నర్సయ్య నన్ను చూసి చిన్నగా నవ్వి, రాజును ఎత్తి గుర్రంలా దూకించాడు.

నిర్ణేత వచ్చాడు. రాజు అట్లా దూకడన్నాడు. ముట్టావు కాబట్టి ఆ రాజునే జరపాలన్నాడు. జరపడానికి ఒకే గడి ఉంది, అక్కడికి పోతే రెండెత్తుల్లో ఆటకట్టు. ఇట్లా దూకవచ్చని నీకెవరు చెప్పారని నిర్ణేత అడిగాడు. నర్సయ్య నా మొహం చూశాడు. నేను బల్ల చూశాను.

"ఎవలు చెప్పలే సారు. మా తాన గిట్లనే ఆడుతం," అన్నాడు.

తిరుగు బస్సులో పల్లీలు కొని సగం నా చేతిలో పోశాడు. ఇంగ్లీషు కాగితం కదా, నీకు మాత్రం ఎంతని సమజైతది అని, నేను అడగకముందే నాకు సాకు అందించాడు. నేను అవునన్నాను. అది రెండో అబద్ధం. ఆ తర్వాత అతను మళ్ళీ కాయ ముట్టలేదు. గళ్ళ బట్ట మడిచి మా ఇంట్లో ఇచ్చి, మరుసటి ఏడు భార్యాబిడ్డలతో షోలాపూర్ మిల్లులకు పోయాడు. అందరూ పోతున్నారు, అతనూ పోయాడు అని నాకు నేను చెప్పుకుంటాను. ఒక్కోరోజు నమ్ముతాను కూడా.

నిన్న నర్సయ్య దగ్గర నుంచి కార్డు వచ్చింది, బిడ్డ చేత రాయించాడు. సభ సంగతి అక్కడిదాకా పోయిందట, తనూ వస్తాడట. బిడ్డ ఇంగ్లీషు చదువుతోందట. అప్పటి కాగితం ఉంటే తీసి పెట్టమన్నాడు, బిడ్డతో ఒక్కసారి చదివించుకుని వింటాడట.

అతనికి తెలుసా? పదేళ్ళూ తెలిసే ఊరుకున్నాడా? లేక నిజంగానే వినాలని ముచ్చటా? కాగితం ట్రంకుపెట్టెలోనే ఉంది. దాన్ని రెండుసార్లు పొయ్యి దాకా తీసుకుపోయాను. అదేం కాగితమని మా ఆవిడ అడిగితే ఆఫీసుదన్నాను. పోయిందని రాసేస్తే అతను నమ్ముతాడు. నేను ఏది చెప్పినా నమ్ముతాడు, అదే నా భయం.

కాల్చలేదు. ఇప్పుడు నా ముందే ఉంది. రాజు గురించిన వరస కింద ఎర్ర సిరాతో గీత గీశాను. బిడ్డ తప్పు చదివిందేమో అనుకోవడానికి వీల్లేకుండా, పక్కన తెలుగులో రాశాను. సభకు ముందే చేరేట్టు రేపు పొద్దున టపాలో వేస్తాను. చదివి అతను వస్తాడో రాడో, వచ్చి ఏమంటాడో తెలియదు. రాసింది ఇంతే:

"బావా, లేదు. నువ్వు అడిగిననాడు సుత లేదు. నాకు ఎరుకే."