అంచు కుట్టని పుట

పెద్దమ్మ పోయిందని కిందటి నెల సూరత్‌లో నేను పెరిగిన పాండేసర నుంచి ఫోన్ వచ్చింది. మధ్యాహ్నం అన్నం తిని, మెట్ల పక్కన తన పీట మీద కూర్చుని, గోడకు ఆనుకుని అలాగే వెళ్లిపోయిందట. అదే ఊళ్లో, ఆల్థాన్‌లో మా ఫ్లాట్ కిటికీలు దుమ్ము పడుతుందని ఎప్పుడూ మూసే ఉంటాయి. ఫోన్ పెట్టేసి ముందు వాటిని తెరిచాను. ఎందుకని మా ఆయన అడగలేదు. అడిగి ఉంటే కసురుకునేదాన్ని.

ఆవిడతో మాకు రక్తసంబంధం ఏమీ లేదు. మా నాన్న, ఆవిడ భర్త కరీంనగర్ వైపు నుంచి ఒకే రైల్లో వచ్చి, ఒకే ఖాతాలో మగ్గాలు నడిపారు. మరమగ్గాల షెడ్డును సూరత్‌లో ఖాతా అంటారు. పెద్దమ్మ భర్త మాకు పెద్దబాపు. మగ్గాల మోత ఆయన చెవుల్ని ఎప్పుడో తినేసింది. చెవికి నోరు ఆనించి చెబితే కొంచెం అందుతుంది, లేకపోతే అదీ లేదు.

పెద్దమ్మ గాలి గురించి పుస్తకాలు చేసేది. రంగుల మిల్లుల్లో డిజైన్ సరిచూసుకోవడానికి అచ్చేసి పారేసే గుడ్డ ముక్కలు తెచ్చి పుటలుగా కత్తిరించేది. ఉతికినా పోని సిరాతో పెద్దపెద్ద అక్షరాలు రాసి, చీరల ముక్కలతో బొమ్మలు కుట్టేది. పిల్లల పుస్తకాలు పల్చటి జార్జెట్ మీద ఉండేవి. పెద్దలవి రంగు వేయని ముతక గుడ్డ మీద. ఎందుకలా అంటే, "పెద్దోళ్ల కథ కదలాల్నంటె పెద్ద గాలే రావాలె" అనేది.

చదవడానికి ఒక పద్ధతి ఉండేది. పుస్తకం వెన్నును డాబాకు పోయే మెట్ల కడ్డీకి కట్టేది. పుటలు మనం తిప్పకూడదు, గాలే తిప్పాలి. ఏ పుట తెరుచుకుంటే అది, ఎదురుగా ఉన్నవాళ్లు పైకి చదవాలి. అందువల్ల ఒక్క కథా మొదటి నుంచి చివరికి వరసగా మాకు తెలియదు. బడిలో ఇదే అలవాటుతో హిందీ పాఠం మధ్యలోంచి మొదలుపెట్టి నేను తన్నులు తిన్నాను.

పిల్లల పుస్తకాల్లో ఒకటి నాకిష్టం. అందులో గాలి పడుకోవడానికి చోటు వెతుక్కుంటుంది. మిల్లు చిమ్నీలో దూరితే దగ్గొస్తుంది. ఖాళీ గిన్నెలో పడుకుంటే ఊళ వేస్తుంది. ఖాతా తలుపు కొడితే, పోగులు తెగుతాయని లోపలివాళ్లు రానివ్వరు. "గాలికి ఇల్లు లేదు. అందుకే అందరి తలుపులు కొడతది" అని ఒక పుట మీద రాసి ఉండేది. పెద్దల పుస్తకాల్లో ఒకటుంది, అందులో ఒక మాటను ఇప్పటికీ ఒంటరిగా ఉన్నప్పుడు తలుచుకోను. "గాలీ, అందరి మాటలు మోస్తవు. నా ఒక్కదాని మాట యాడ దించినవు?"

ప్రతి పుస్తకంలో ఆఖరి పుట ఖాళీ. దాని అంచు కూడా కుట్టేది కాదు. పోగులు ఊడి వేలాడుతూ, ఏడాది తిరిగేసరికి పుట సన్నబడి, చివరికి దారాలే మిగిలితే మళ్లీ కొత్త ఖాళీ పుట కుట్టేది. గాలికి ఆ ఖాళీ పుట తెరుచుకుంటే అందరం నోరు మూసుకుని నిలబడాలి. పుట తిరిగేదాకా దగ్గినా ఊరుకునేది కాదు.

"జర ఆగుండ్రి. ఇప్పుడు గాలి వంతు" అనేది.

చిన్నప్పుడు ఆ మౌనం అంటే నాకు భయం. మగ్గాల చప్పుడు గోడల్లోంచి వస్తూనే ఉండేది. అయినా ఆ చోట మాత్రం ఎవరో నా వెనక నిలబడి నోరు తెరుస్తున్నట్టు ఉండేది. తిరిగి చూసేదాన్ని కాదు. ఆవిడకు గాలి సోకిందని గల్లీలో కొందరు పిల్లల్ని పంపడం మానేశారు. మా అమ్మ కూడా కొన్నాళ్లు మానేసింది, నేనే ఏడ్చి వెళ్లాను.

సంగతి నాకు చాలా ఆలస్యంగా తెలిసింది. నేను పుట్టకముందు వాళ్లకు ఒక కూతురు ఉండేది. గాలిపటాల పండుగ రోజు అందరూ తిండికి కిందికి దిగినప్పుడు, పటం వదల్లేక ఆ పిల్ల ఒక్కతే డాబా మీద ఉండిపోయింది. అక్కడి నుంచి పడిపోయింది. కింద నిలబడ్డ ఒకాయన, పడేముందు పిల్ల ఏదో కేకేసిందనీ, గాలి హోరులో మాట తెలియలేదనీ చెప్పాడట. ఆ తర్వాత పెద్దమ్మ ఇక డాబా ఎక్కలేదు. ఆ ఒక్క మాట కోసమే బతికింది. పుస్తకాలన్నీ దానికోసమే.

పెళ్లయ్యాక ఒకసారి ధైర్యం చేసి అడిగాను. "గాలి మీద నీకు కోపం లేదా, పెద్దమ్మా?"

ఆవిడ సూదిలో దారం ఎక్కిస్తోంది. తల ఎత్తలేదు. "కోపమైతె మాట్లాడుడు బంద్ జేస్తం గద. నేను బంద్ జేస్తె అది ఎవలికి జెప్తది, నా బిడ్డ ఏమన్నదో? అప్పుడు దాని పక్కన ఉన్నది గాలొక్కటే."

దారం ముడి వేసి, "చాయ్ తాగుతవా?" అంది.

ఇంకొకటి చెప్పాలి. ఖాళీ పుట తిరగ్గానే పెద్దబాపు ప్రతిసారీ "ఏమన్నది?" అని అడిగేవాడు. వినపడనివాడు కదా, మేమందరం ఏదో విన్నామనుకునేవాడు. పెద్దమ్మ ఆయన చెవికి నోరు ఆనించి, "బాపు తిన్నడా అంటాంది" అని చెప్పేది. "తిన్ననని చెప్పు" అని ఆయన తలాడించేవాడు. తన దాకా రాని మాటను ఆయనకు మాత్రం ఏ రోజూ లేదనకుండా పెట్టింది. నాకు తెలిసిన ప్రేమల్లో ఇంతకన్నా పెద్దది లేదు.

దినాల నాడు పాండేసర వెళ్లాను. పుస్తకాలన్నీ కడ్డీలకు కట్టి ఉన్నాయి. దగ్గరికి వెళ్లి చూశాను. ప్రతి పుస్తకంలోనూ ఆఖరి పుటకు చక్కగా అంచు మడిచి కుట్టేసి ఉంది. గల్లీలో ఆడవాళ్లందరూ ఇళ్లలో చీరలకు అంచులు కుట్టేవాళ్లే. రోజంతా చేసే పని అదే.

"ఎవరు చేశారిది?" అన్నాను. కోపంగానే అన్నాను.

కింది రూములో ఉండే అక్క ముందుకొచ్చింది. "మేమే కుట్టినం. పోగులు గట్ల ఊడిపోతాంటె ఎట్ల సూస్తం చెల్లె? ఆమె యాది ఉండాలె గద. మంచి దారం పెట్టి కుట్టినం."

నిజంగానే మంచి దారం. గుడ్డ రంగుకు రంగు కలిపి, కుట్టు కనిపించకుండా కుట్టారు. అది చూశాక తిట్టడానికి నోరు రాలేదు. గాలి వచ్చి బిడ్డ మాట చెప్పడానికే ఆ పుట ఖాళీగా ఉంచిందనీ, దానికి అడ్డు ఉండకూడదనే అంచు వదిలేసిందనీ చెప్పాను. కూతురి సంగతి వాళ్లలో చాలామందికి తెలియదు, తర్వాత వచ్చినవాళ్లు. అక్క లోపలికి వెళ్లి బ్లేడు తెచ్చింది. ఒకరి తర్వాత ఒకరు వచ్చి మెట్ల మీద కూర్చున్నారు. కుట్టినంత జాగ్రత్తగా విప్పారు. విప్పుతూ ఏడ్చారు, నేనూ ఏడ్చాను.

పొద్దు వాలుతుండగా హజీరా వైపు నుంచి సముద్రపు గాలి లేచింది. జార్జెట్ పుటలు ముందు లేచాయి. తర్వాత ఆ ముతక గుడ్డ పుస్తకం, ఎన్నాళ్లుగానో కదలనిది, బరువుగా తెరుచుకుంది. ఒక్కొక్క పుటా దాటుకుంటూ వెళ్లి ఖాళీ పుట దగ్గర ఆగింది. ఎవరూ ఆగమనలేదు, అందరం ఆగాం. నా వెనక ఎవరో ఉన్నట్టే ఉంది. ఈసారి ఒకరు కాదు.

"ఏమన్నది?" అని అడిగాడు పెద్దబాపు.

అందరూ నా వైపు చూశారు. నేను వెళ్లి ఆయన చెవికి నోరు ఆనించాను. ఏం చెప్పాలో అనుకుని వెళ్లలేదు, అదే వచ్చింది. "'అమ్మొచ్చింది' అంటాంది, పెద్దబాపూ."

ఆయన పుస్తకం వైపు చెయ్యి చూపించాడు.

"ఇద్దరు తిన్నరా, అడుగు."

మేమందరం అటు తిరిగాం. విప్పిన అంచు నుంచి ఒక్కో పోగు ఊడి గాలిలోకి వెళ్తోంది. పుట ఇంకా తిరగలేదు.