‘సీన్’ అనే మాటకి మాచర్ల అర్థం

మా ఇంగ్లీషు సార్ పోయారన్న కబురు మా డిగ్రీ బ్యాచ్ వాట్సాప్ గ్రూపులో సరిగ్గా నేను పెట్టిన జోకు కిందే వచ్చి పడింది. ఆ తర్వాత అరగంట పాటు ఒకడు దండం బొమ్మ పెడుతుంటే, ఇంకొకడు పైకెళ్లి నా జోకుకి పళ్లికిలించే బొమ్మ పెడుతున్నాడు. జోకు తీసేద్దామని చూశాను. అప్పటికే అందరూ చదివేశారు.

పాఠకులకు మనవి. ఇలాంటి వ్యాసంలో ‘తీరని లోటు’ అనే ముక్క ఎక్కడో ఒకచోట రావాలని నాకూ తెలుసు. సార్ ఉంటే దాన్ని ఎర్రసిరాతో కొట్టేసి, “ఎవరికిరా లోటు? అది రాయి ముందు” అనేవారు. కాబట్టి రాస్తున్నాను. నాకు.

నరసరావుపేటలో ఆయన మాకు మూడేళ్లు ఇంగ్లీషు చెప్పారు. సిలబస్ సంగతి అటుంచితే, ఆయన అసలు పని వేరే. మన జనం నోట్లో పడ్డ ఇంగ్లీషు మాటలు చివరికి ఏమయ్యాయో రాసుకోవడం. పాత శుభలేఖల్ని పేకముక్కల సైజులో కత్తిరించి చొక్కా జేబులో పెట్టుకు తిరిగేవారు. ముక్క పైభాగాన డిక్షనరీ అర్థం. మధ్యలో గీత. గీత కింద మన అర్థం, చెప్పినవాడి పేరు, ఊరు. ‘లైట్’కి పైన ‘వెలుతురు’ అని ఉంటే, కింద ‘పట్టించుకోకపోవడం’ అనీ, క్రోసూరు ఆటో డ్రైవరు పేరూ ఉండేవి. ఒకసారి చిలకలూరిపేట బస్సులో ఇద్దరు కాలర్లు పట్టుకుంటే, విడదీయాల్సింది పోయి, “బాబూ, ఇందాకన్న మాట ఇంకోసారి అను” అని పెన్ను తీశారట. వాళ్లు పోట్లాట ఆపి ఊరూ పేరూ చెప్పారట.

“చెప్పినోడి పేరు లేకపోతే అది అర్థం కాదురా, పుకారు” అనేవారు.

మేం రెండో ఏడాదిలో ఉండగా ఆయన చేతికి ‘సీన్’ చిక్కింది. పైన: సంఘటన జరిగిన చోటు, నాటకంలో ఒక భాగం. కింద: సత్తా, స్థాయి; ‘వాడికంత సీన్ లేదు’. క్యాంటీన్ దగ్గర నన్ను ఆపి, “ఒరేయ్, మీ వైపు దీనికి ఇంకేమన్నా అర్థం ఉందా?” అనడిగారు. మాది మాచర్ల. పక్కనే మా బ్యాచ్ నలుగురూ ఉన్నారు. ఇక నోరు ఊరుకుంటుందా?

“ఉంది సార్. పెళ్లిచూపుల్లో స్వీటూ హాటూ పెట్టిచ్చే ప్లేటుని మేం సీన్ అంటాం. ‘మగపెళ్లోళ్లు వచ్చారు, సీన్ తీసుకురావే’ అంటారు మా ఇళ్లల్లో.”

“చానా బావుందిరా!” అన్నారు. నిజమేనా అని కూడా అడగలేదు. నా పేరూ, మాచర్ల అనీ గుండ్రటి అక్షరాలతో రాసుకున్నారు. ఆయన మలుపు తిరిగేదాకా ఆపుకుని, తర్వాత పొట్టలు పట్టుకుని నవ్వాం.

ఆ ఏడే గుంటూరులో లెక్చరర్ల సభ ఒకటి జరిగితే, అందులో సార్ తన ముక్కలు చదివారు. చూడండిరా అని మమ్మల్నీ తీసుకెళ్లారు. ‘సీన్’ దగ్గరికొచ్చేసరికి గొంతు పెంచారు, ఇది ఎవరికీ దొరకని అర్థమని. చదవడం అవ్వగానే మూడో వరసలో ఒకాయన లేచాడు.

“మాదీ మాచర్లేనండి. ముగ్గురు ఆడపిల్లలకి పెళ్లిచూపులు చేశా. ఈ మాట నేనెప్పుడూ వినలేదే! ఎవరు చెప్పారండీ మీకు?”

హాలంతా గొల్లుమంది. “పెద్దాయన్ని ఎవడో ఆడుకున్నాడబ్బా” అని వెనకనుంచి ఒకరు. ఆ నవ్వులో నేనూ ఉన్నాను. నవ్వకపోతే దొరికిపోతానని నవ్వాను.

సార్ చేతిలో ముక్క వైపు చూశారు. నా పేరు అక్కడే ఉంది. తల ఎత్తి, నా వైపు మాత్రం చూడకుండా, “గుర్తులేదండి. నేనే సరిగ్గా కనుక్కోలేదు” అన్నారు. ఆటో డ్రైవరు పేరు కూడా పోనివ్వని మనిషి, నా పేరు మింగేశారు.

తిరుగు బస్సులో “ఏమన్నా తిన్నావా?” అన్నారు. అంతే. డిగ్రీ అయ్యాక కూడా ఈ నాలుగేళ్లలో చాలాసార్లు వాళ్లింటికి వెళ్లాను. నా ఉద్యోగం, మా అమ్మ మోకాళ్లు, అన్నీ అడిగేవారు. నేను కావాలనే కొత్తకొత్త మాటలు వాడేవాణ్ణి, ఈసారి నిజమైనవే. తలూపేవారు. చెయ్యి మాత్రం జేబు వైపు వెళ్లేది కాదు. తిట్టినా బాగుండేది. ప్రతిసారీ చెప్పేద్దామనే వెళ్లి, చెప్పులు వేసుకుంటూ ఒక జోకు వేసి వచ్చేసేవాణ్ణి.

ఆయన జ్ఞాపకార్థ కూడిక చర్చి ఆవరణలో షామియానా కింద పెట్టారు. పాట అయ్యాక పాస్టరుగారు, సార్ గురించి సాక్ష్యం చెప్పేవాళ్లు ముందుకు రండి అన్నారు. మావాళ్లు నన్ను తోశారు. “నువ్వెళ్లరా, జనాన్ని ఏడిపించకుండా చెప్తావ్.”

వెళ్లాను. “సార్‌కి నేనొక అబద్ధపు అర్థం చెప్పాను” అని మొదలుపెట్టాను. నవ్వారు. ప్లేటు సంగతి చెప్పాను. ఇంకా నవ్వారు. గుంటూరు సంగతికి మా బ్యాచ్ చప్పట్లు కొట్టింది. “జోకు కాదండీ, నిజంగానే ఆ చెప్పింది నేనే” అన్నాను. దానికి పాస్టరుగారు కూడా నవ్వారు. ఇన్నేళ్లు కష్టపడి తయారుచేసుకున్న మొహం కదా, దాంతో ఏం చెప్పినా అంతే.

ముందు వరసలో సార్ భార్య ఒక్కరే నవ్వలేదు. నన్నే చూస్తున్నారు. కాసేపటికి, పక్కన ఖాళీ కుర్చీలో పెట్టుకున్న బైబిలూ పాటల పుస్తకమూ తీసి ఒళ్లోకి తీసుకున్నారు. కుర్చీ మీది దుమ్ము కొంగుతో తుడిచి, మళ్లీ నా వైపు చూశారు. జనం ఇంకా నవ్వుతూనే ఉన్నారు. నేను మైకు పట్టుకుని అక్కడే నిలబడి ఉన్నాను.