ఆయన చెప్పింది గాలి సంగతే

మా చిన్నాయన మొన్న ప్రొద్దుటూరు ఆస్పత్రిలో కాలం చేశాడు. పత్రికలో ఒక మూల 'ప్రముఖ జ్యోతిష్కుడి మృతి' అని వేశారు. ఆయన ఏనాడూ ఎవరి జాతకమూ చూడలేదు. గాలినీ కాలాన్నీ చదివాడు. ఆ రెండు విద్యలూ పూర్తిగా తెలిసినవాళ్ళు మా జిల్లాలో ఇక లేరు.

వయసులో నాకంటే కొద్దిగా పెద్ద, అంతే. పాడె మీద చూసినవాళ్ళు మా తాత అనుకున్నారు. ఆ తేడా ఎట్లా వచ్చిందో చెప్పడానికే ఇది రాస్తున్నాను.

గండి దగ్గర, పాపఘ్ని నది కొండల్ని చీల్చుకుని వచ్చేచోట, గాలికి ఆగడం తెలియదు. చిన్నాయన చదువు అక్కడే ఒక ముసలి గురువు దగ్గర సాగింది. జమ్మలమడుగు పక్కన మా ఊరికి తిరిగి వచ్చాక, కళ్ళాల్లో జొన్నలు తూర్పారబట్టే రోజుల్లో ఆడవాళ్ళు ఆయన్నే పిలిచేవాళ్ళు. గుప్పెడు దుమ్ము తీసి వేళ్ళ సందుల్లోంచి వదిలేవాడు, గాలి వచ్చేది. కాసేపటికి "చాలప్పా, చేటలు గూడా ఎగిరిపోతాండాయి!" అని వాళ్ళే అరిచేవాళ్ళు.

కాలాన్ని మాత్రం ఊరికే ముట్టుకునేవాడు కాదు. ఆపిన కాలానికి ఎన్నో రెట్లు ఆయన ఆయుష్షులోంచి పోయేది. అయినా నా బి.ఏ. పరీక్ష రోజున, పులివెందుల బస్సు కదిలిపోతుంటే ఆపాడు. బస్సూ మనుషులూ దుమ్మూ అన్నీ నిలిచిపోయాయి. ఆయన చెయ్యి ఒకసారి తాకినవాళ్ళే కదలగలరు. నన్ను తీసుకుపోయి సీట్లో కూర్చోబెట్టి, దిగి, వదిలేశాడు. కండక్టరు అదిరిపడ్డాడు. "ఎప్పుడెక్కితివిమ్మే?"

సాయంత్రం చిన్నాయన చెవి పక్కన తెల్ల వెంట్రుకలు చూసి కోప్పడ్డాను. "పరీక్ష తప్పితే నీకు ఏడాది పోతాది పాపా. నాకు పోయింది రవ్వంత," అన్నాడు.

తర్వాత మా ఊరు రెండు పార్టీలయింది. పడమటి వీధి ఒకటి, తూర్పు వీధి ఒకటి. నా పుట్టిల్లు పడమటి వీధిలో. నన్నిచ్చింది తూర్పు వీధికి. రెండు వైపులా జీపులు, జీపుల్లో నాటుబాంబులు. చిన్నాయన ఎవరి అరుగు మీదా కూర్చోలేదు. "గాలికి దిక్కుంటాది, పార్టీ ఉండదు," అనేవాడు.

పోలింగుకు ముందురోజు పడమటి వీధి నాయకుడు మనుషుల్ని వెంటేసుకుని మా పుట్టింట్లో ఉన్న ఆయన దగ్గరికి వచ్చాడు. గడపలో నిలబడి మా అమ్మ విన్న మాటలివి.

"స్వామీ, గాలి యాపక్క ఉండాది?"

చిన్నాయన వాకిట్లోకి పోయి దుమ్ము వదిలి చూశాడు. "ఇప్పుడు పడమరకే అప్పా. తెల్లారేసరికి తూరుపుకు తిరుగుతాది."

"ఖాయమా?"

"దాంట్లో అనుమానమేముండాది?"

"విన్నారు గదరా," అన్నాడు నాయకుడు తన మనుషులతో.

ఎన్నికల రోజుల్లో గాలి అంటే గెలుపు. పలకా బలపం పట్టే పిల్లలకు కూడా తెలుసు. ఆయనకు తెలియదు.

తెల్లారింది. గాలి తూర్పుకు తిరిగింది. మా తూర్పు వీధి ఓట్లు పడకుండా చెయ్యాలని పడమటి వాళ్ళు మా మీద పడ్డారు. మొదటి బాంబు మా వాకిట్లోనే పేలింది. కాలం ఆపి వచ్చిన చిన్నాయన చెయ్యి నా భుజం మీద పడినప్పుడు చూస్తే, రెండోది చూరు పైన గాలిలో ఆగి ఉంది. ఎగరబోయిన కోడి రెక్కలు విప్పి అట్లే నిలిచింది. ఆయన నన్ను చేలోకి లాక్కుపోయాడు. తర్వాత పిల్లల్ని. తర్వాత ముసలివాళ్ళను. వచ్చిన ప్రతిసారీ జుట్టు ఇంకొంచెం తెల్లబడి, నడుము ఇంకొంచెం వంగి వచ్చాడు.

"మీ ఆయన ఆ కొసన ఉండాడు పాపా, తెస్తా," అని మళ్ళీ పోయాడు. వీధి సగంలో మోకాళ్ళ మీద పడ్డాడు. కాలం మీద పట్టు జారింది.

నా భర్త పోయాడు. మిగతా వీధి బతికింది. రెండూ రాయాలి, ఒకటే రాస్తే అబద్ధం.

బతికిన వీధి ఆయన్ను క్షమించలేదు. "గాలిస్వామి చెప్పబట్టే కొట్టినారు," అన్నారు. అవతలి వీధి వాళ్ళు అడ్డం వచ్చాడన్నారు. గుక్కెడు మజ్జిగ ఇచ్చే ఇల్లు లేక వేంపల్లెకు పోయి ఒక్కడే బతికాడు. ఒకసారి నేను సూటిగా అడిగాను.

"ఓట్ల సంగతి అడుగుతాండారని తెలీలేదా చిన్నాయనా?"

"గాలి యాపక్క అని అడిగినారు పాపా. ఉన్నది చెప్పినా." గుప్పెడు దుమ్ము తీశాడు, వదల్లేదు. "తెలిసుంటే అబద్ధం చెప్పుండేవాణ్ణి," అన్నాడు.

అంత చదువు చదివిన మనిషి చేత ఆ మాట అనిపించారు.

శవాన్ని ఊరికి తెచ్చాం. రెండు పార్టీల జీపులూ వచ్చాయి. ఆనాడు గాలి అడిగిన నాయకుడు, ఇప్పుడు ముసలివాడు, దండ వేసి మైకు అందుకున్నాడు. "గాలి ఎవురిదో ముందే చెప్పిన మహానుభావుడు," అన్నాడు. నేను లేచి పోయి మైకు తీసుకున్నాను.

"మా చిన్నాయన నీకు చెప్పింది గాలి సంగతి. నువ్వు విన్నది ఓట్ల సంగతి. ఆయన మాట మీద నువ్వు చంపలేదు, నీ చెవి మీద చంపినావు."

రెండు వీధులవాళ్ళూ విన్నారు. పాడె లేచింది.

పెన్న ఒడ్డున చితి అంటించినప్పుడు ఆడవాళ్ళం మిద్దెక్కి చూశాం. ఆకు కదలలేదు. పొగ ఏ వీధి వైపూ వాలకుండా నిలువునా పైకి పోయింది. కింద జీపుల మీద రెండు జెండాలూ కర్రలకు అంటుకుపోయి, తడిగుడ్డల్లా వేలాడుతున్నాయి.